ఫొటో లేని మనిషి బొమ్మ

రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో నేను గుంటూరు కాలేజీలో పాఠాలు చెప్పుకుంటూ, ఆదివారం పేపరుకి చిత్రకళ మీద వ్యాసాలు రాసేవాణ్ణి. నాకు చేతి దురద కాస్త ఎక్కువ. బొమ్మ వేయడమంటే మనిషి తాను ఉన్నానని తేల్చుకోవడమనీ, ఫొటో మీద గళ్ళు గీసుకుని దాన్ని పెద్దది చేసేవాడు చిత్రకారుడే కాదనీ ఒకసారి రాసి పారేశాను.

నాలుగో రోజు మా వీధి చివర సైన్‌బోర్డులు రాసే ఆర్టిస్టు ఆ పేపరు పట్టుకుని మా ఇంటికి వచ్చాడు. ఫ్లెక్సీలొచ్చి అప్పటికే ఆయన పని సగం ఊడ్చుకుపోయింది. చనిపోయినవాళ్ళ ఫొటోలు చూసి బొమ్మలు వేయడమే మిగిలింది.

"మాష్టారండీ, ముప్పయ్యేళ్ళుగా ఆర్టిస్టుననే అనుకుంటన్నా. కాదని మీరు రాశారు. మరి నేనెవర్నండీ?"

తిట్టినా బాగుండేది. కుర్చీ జరిపాను, కూర్చోలేదు.

"రేపు షాపుకి రండి. గళ్ళు గీయడానికి ఫొటో కూడా లేని పనొకటి వచ్చింది" అన్నాడు.

సిగ్గేసింది కానీ, ఎలా వేస్తాడో చూడాలన్న కుతూహలం అంతకంటే ఎక్కువైంది. కాలేజీ అవగానే వెళ్ళి కూర్చునేవాణ్ణి.

వేయించుకునేది మిర్చియార్డు కూలీ ఒకావిడ. వాళ్ళమ్మ బతికుండగా ఒక్క ఫొటో కూడా తీయించుకోలేదట. ఆదివారం పాస్టరు గారొచ్చి జ్ఞాపకార్థ కూడిక పెడతారు, బల్ల మీదికి అమ్మ బొమ్మ కావాలి. ఆర్టిస్టు ఈ కూతురి ముఖమే చూస్తూ, దానికి వయసు కలుపుతూ వేశాడు. పోయినవాళ్ళకి కళ్ళు విశాలంగా తెరిచి వేయడం మా వైపు ఆనవాయితీ. అలాగే వేశాడు.

మూడో రోజు ఆవిడ చూసి, "ముక్కూ గెడ్డం మా అమ్మవేనండి. కానీ మా అమ్మ కాదు" అంది.

లోపమెక్కడుందా అని నేను బొమ్మ ముందు అటూ ఇటూ తిరిగాను. ఆయన బొమ్మ వైపే చూడలేదు.

"మీ అమ్మ ఏం పని చేసేదమ్మా?"

"నాతోపాటేనండి, మిరపకాయలకి తొడిమలు తీసేది. ఆ ఘాటుకి కళ్ళెప్పుడూ మండుతానే ఉండేయి. మమ్మల్ని కూడా సగం మూసుకునే చూసేది."

ఆయన టర్పెంటైన్ గుడ్డతో రెండు కళ్ళూ తుడిచేశాడు. ఎర్ర జీరలతో, సగం వాలిన రెప్పలతో మళ్ళీ వేశాడు. ఒక్కో గీతకీ ఆగి, ఆవిడ ముఖం చూసి మరీ గీశాడు. అంత భయంగా బొమ్మ వేసే మనిషిని నేనెక్కడా చూడలేదు.

ఆవిడ దగ్గరికి వెళ్ళింది. "ఉండమ్మా, తుడుస్తా" అంటూ కొంగు ఎత్తి, తడి రంగని గుర్తొచ్చి ఆగిపోయింది.

"మీరు ఆర్టిస్టేనండీ" అన్నాను ఆయనతో.

"నాకు చెబితే ఏం లాభం మాష్టారూ? పేపర్లో రాయండి."

రాయలేదు. రాస్తే ముందు రాసింది తప్పని ఒప్పుకోవాలి.