చిన్నమ్మకు రాని కామెర్లు

యలహంక పాత ఊళ్ళో మా చిన్నమ్మ ఇల్లు వెనక వరసలో ఉంటుంది. వీధిలోంచి ఆ ఇంటికి చేరాలంటే ముందింటి గోడ పక్కనున్న సందు ఒక్కటే దారి. ఇద్దరు ఎదురైతే ఒకరు వెనక్కి నడవాలి. గ్యాస్ బండైనా, బీరువా అయినా, చుట్టాలైనా అందులోంచే రావాలి. చిన్నాన్న పోయినప్పుడు పాడెను కూడా ఒక పక్కకు వంచి బయటికి తెచ్చాం. ఆ సందు పోతే చిన్నమ్మకు ఇల్లు ఉన్నా లేనట్టే. ఇంత చిన్న సంగతి వీధిలో అందరికీ అర్థమవుతుంది. కోర్టు భాషలో దీన్ని ఏమంటారో, దాని కోసం ఎవరిని ఏమని అడగాలో కనుక్కోవడానికి నాకు దాదాపు ఏడాది పట్టింది.

ముందిల్లు కొత్తగా కొన్నాయన ఆ సందు తన స్థలంలోదేనని దావా వేశాడు. సమన్లు పట్టుకుని అమీనా, అంటే కోర్టు కాగితాలు ఇళ్ళకు అందించే ఉద్యోగి, ఒక గురువారం చిన్నమ్మ గుమ్మం ముందుకు వచ్చాడు. చిన్నమ్మ కూతురి నిశ్చితార్థం ఆ ఆదివారం. మావాళ్ళలో శుభకార్యం పెట్టుకున్న ఇంట్లోకి కోర్టు కాగితం రాకూడదు. ఇది ఏ శాస్త్రంలో ఉందో నన్నడక్కండి. నా పెళ్ళికి ముందు మా అమ్మ కరెంటు బిల్లు తప్ప ఏ కవరునూ గడప దాటనివ్వలేదు. చిన్నమ్మ ఆ అమీనాకు బయట కుర్చీ వేసింది, కాఫీ ఇచ్చింది. "ఇంట్లో శుభకార్యం ఉండాదప్పా, సోమవారం తీసుకురా, అప్పుడు తీసుకుంటా" అని మర్యాదగానే చెప్పింది. ఆయన కాఫీ తాగి, బాగుందని చెప్పి, తలూపి వెళ్ళిపోయాడు. సోమవారం పొద్దంతా చిన్నమ్మ ఆయన కోసం ఎదురుచూసింది కూడా. ఆయనేమో గురువారమే ఆ కాగితం మీద "తీసుకోవడానికి నిరాకరించారు" అని రాసి కోర్టుకు తిప్పి పంపేశాడు.

ఆ తర్వాత ఎనిమిది నెలలపాటు ఏ కబురూ లేదు. ఒక పొద్దున ఎవరో ఇద్దరు సందు మొదట్లో టేపు పెట్టి కొలుస్తుంటే చిన్నమ్మ ఏమిటని అడిగింది. గేటు పెట్టడానికి కొలత అన్నారు. కేసు అయిపోవచ్చిందట, తీర్పు రావడమే తరువాయి అట. ఆమె అక్కడే నిలబడి నాకు ఫోన్ చేసింది.

"అప్పా, నా మీద కేసు ఉండాదంట. నీకేమన్నా తెలుసునా?"

నాకెలా తెలుస్తుంది? నేను జిగణిలో ఒక మందుల ఫ్యాక్టరీలో రికార్డులు సరిచూసే ఉద్యోగిని. ఎవరు ఏ పని ఏ వేళకు చేశారో, చేసినట్టే రాశారో లేదో చూడడం నా పని. ఆ మాత్రానికే మా బంధువర్గంలో ఏ ఇంగ్లీషు కాగితం వచ్చినా అది నా నెత్తిన పడుతుంది. జిగణి ఊరికి ఈ కొస, యలహంక ఆ కొస. కోర్టు నడిమధ్యన ఉంది. ఇద్దరం చెరో కొసనుంచి బయల్దేరి, ట్రాఫిక్కులో ఉడికి, అక్కడ కలుసుకునేవాళ్ళం. సెలవు చీటీలో "కోర్టు పని" అని రాసిన ప్రతిసారీ మా మేనేజరు నన్ను అనుమానంగా చూసేవాడు.

మా లాయరు కేసు ఫైలు నకలు తీయించి, అందులో నాలుగు ముక్కలు చదివాడు. "సమన్స్ రెఫ్యూజ్డ్. సర్వీస్ హెల్డ్ సఫిషియెంట్. కాల్డ్ ఔట్, యాబ్సెంట్. ప్లేస్డ్ ఎక్స్ పార్టీ." చదివి, ఇక అంతా తేటతెల్లమైనట్టు ఫైలు మూసేశాడు.

"ఎక్స్ పార్టీ అంటే ఏంటి సార్?" అన్నాను.

"మీ చిన్నమ్మగారిని ఎక్స్ పార్టీ చేశారు సార్."

"అదే, అంటే ఏంటి?"

"అంటే వాళ్ళిప్పుడు ఎక్స్ పార్టీ."

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆయన చెడ్డవాడు కాదు. ఆ మాటలు రోజూ వాడి వాడి, వాటికి అర్థం చెప్పాల్సి వస్తుందన్న సంగతే మరిచిపోయాడు. గుచ్చి గుచ్చి అడిగితే తేలిందేమిటంటే, సమన్లు తీసుకోనంటే అవి అందినట్టే లెక్క. అందాక కోర్టుకు రాకపోతే, పేరు పిలిచినప్పుడు పలకలేదని రాసుకుని, మనం లేకుండానే కేసు నడిపిస్తారు. అవతలివాడు చెప్పిందొక్కటే విని తీర్పు ఇచ్చేయవచ్చు. ఇదంతా చిన్నమ్మకు వరండాలో కూర్చోబెట్టి చెప్పాను.

"నేను వద్దనలేదు కదప్పా, సోమవారం రమ్మంటిని. కాఫీ తాగి పొయినోడు అట్ల రాసినాడా?" అంది. ఆమెకు సందు సంగతి కంటే ముందు ఆ అవమానమే తగిలింది.

తీర్పు రాకముందే ఆ ఎక్స్ పార్టీ ఉత్తరువును తీసేయించాలి, దానికి ఒక ఐ.ఏ. వెయ్యాలి అన్నాడు లాయరు. ఐ.ఏ. అంటే పెద్ద కేసు నడుస్తుండగా మధ్యలో పెట్టుకునే చిన్న దరఖాస్తు. ఈ ఒక్క వాక్యం ఆయన నోటినుంచి రాబట్టడానికి తల ప్రాణం తోకకొచ్చింది. దానికి తోడుగా అఫిడవిట్టు, అంటే చెప్పింది నిజమని ఒట్టు పెట్టి సంతకం చేసే కాగితం.

ఆ అఫిడవిట్టు సంతకం కోర్టు బయట చెట్టు కింద, నోటరీ బల్ల దగ్గర జరిగింది. నాలుగు పేజీల ఇంగ్లీషు. మూడో పేరాలో, ప్రతివాది, అంటే చిన్నమ్మ, ఆ రోజుల్లో కామెర్లు వచ్చి మంచాన పడిందనీ, అందుకే కోర్టుకు రాలేకపోయిందనీ రాసి ఉంది. నేను లాయరును పక్కకు పిలిచి ఇదేమిటని అడిగాను.

"అది ఫార్మాట్ సార్. అందరికీ కామెర్లే రాస్తాం" అన్నాడు, నన్నొక అమాయకుణ్ణి చూసినట్టు చూసి.

మధ్యాహ్నం లోపల దాఖలు చేయకపోతే ఇంకో రోజు సెలవు పెట్టాలి. వెనక ఇంకో నలుగురు సంతకాలకు నిలబడి ఉన్నారు. చిన్నమ్మ కలం చేత్తో పట్టుకుని, "ఏం రాసినారప్పా?" అని అడిగింది. "అంతా మామూలే చిన్నమ్మా. నువ్వు రాలేకపోయావని రాశారు, సంతకం పెట్టు" అన్నాను. పెట్టేసింది. చివరి పేజీలో, ఇందులోని విషయాలు ఆమెకు తెలిసిన భాషలో వివరించి చెప్పామని కూడా ఒక వాక్యం ఉంది. ఫ్యాక్టరీలో ఎవరైనా చేయని పనిని చేసినట్టు రాస్తే నేను ఆ కాగితం మొహాన కొడతాను. ఆ రోజు మాత్రం నాకు ఏమీ అనిపించలేదు.

ఇక మొదలయ్యాయి వాయిదాలు. పొద్దున్నే హాలులో కాల్ వర్క్ అని ఒకటి జరుగుతుంది. క్లర్కు నంబర్లు పిలుస్తూ పోతుంటే లాయర్లు లేచి నాలుగు మాటలు గొణుగుతారు. మన నంబరు వచ్చిందో లేదో, వస్తే ఏమైందో, పక్కవాడిని అడగాలి. పక్కవాడికి తన నంబరే తెలియదు. ఒకరోజు "పాస్ ఓవర్" అన్నారు. ఆ మాట విని మేము ఏదో దాటేశామని సంబరపడ్డాం. పక్కన పెట్టారు, సాయంత్రంలోగా మళ్ళీ పిలుస్తారు అని దాని అర్థం. తెచ్చుకున్న చిత్రాన్నం కూడా తినకుండా అక్కడే కూర్చున్నాం, లేచి వెళ్తే మళ్ళీ గైర్హాజరంటారని భయం. సాయంత్రం పిలిచి వాయిదా వేశారు. మరో వాయిదాకు జడ్జిగారు సెలవు. ఇంకో వాయిదాకు అవతలి లాయరు "అబ్జెక్షన్స్ కు టైమ్" అన్నాడు. టైమ్ ఇచ్చారు. అభ్యంతరం రాయడానికి నెల రోజులెందుకయ్యా? మా మీద అంత అభ్యంతరం ఉన్నవాడు అది ముందే రాసుకుని రాకూడదా?

ఈలోగా ముందింటాయన సందు మొదట్లో రెండు ఇనప స్తంభాలు పాతాడు. గేటు రెక్కలు తెచ్చి తన గోడకు ఆనించి పెట్టాడు. చిన్నమ్మ రోజూ పాలకు వెళ్తూ వాటిని చూసేది. ఆమెకు మోకాళ్ళ నొప్పులు. "రేపు ఇది మూస్తే నేను గోడెక్కి దూకాల్నా?" అని అడిగేది. నేను నవ్వలేదు, ఆమె నవ్వమని అడగలేదు. నేను చేయగలిగింది ఒక్కటే అనుకున్నాను, కోర్టులో వినబడిన ప్రతి మాటకూ అర్థం కనుక్కుని ఆమెకు చెప్పడం. స్టే అంటే ఇది. ఇంజంక్షన్ అంటే ఇది. అందరికంటే ముందు తెలియాల్సిన ఈజ్‌మెంట్ అనే మాట అన్నిటికంటే ఆఖరున తెలిసింది. పక్కవాడి స్థలంలోంచి నడిచి వెళ్ళడానికి మనకున్న హక్కు అట. "ఈ మాట ముందే చెప్పుంటే నేనే పోయి జడ్జమ్మకు చెప్పుకుందును కదా" అంది చిన్నమ్మ. నాకూ అదే అనిపించింది.

చివరికి ఒక వాయిదాకు మా ఐ.ఏ. మీద వాదనలు విన్నారు. మా లాయరు కామెర్ల గురించి రెండు నిమిషాలు చెప్పాడు. అవతలి లాయరు లేచాడు. కామెర్లన్నది పచ్చి అబద్ధమన్నాడు. సమన్లు నిరాకరించిన నాలుగో రోజే ఆ ఇంట్లో నిశ్చితార్థం జరిగిందన్నాడు. తన క్లయింటును పిలిస్తే ఆయన స్వయంగా వెళ్ళాడనీ, ఈమె చేత్తో వడ్డించిన హోళిగలు, అంటే బొబ్బట్లు, తిని వచ్చాడనీ చెప్పాడు. దావా వేసి, కామ్‌గా వచ్చి విస్తరి ముందు కూర్చున్నాడన్నమాట! నాకు ఒళ్ళు మండిపోయింది. కానీ లాయరు చెప్పిన దాంట్లో తప్పు లేదు.

జడ్జిగారు ఆమె వచ్చారా అని అడిగారు. చిన్నమ్మ కొంగు సర్దుకుని ముందుకు వెళ్ళింది. నేను వెనక తలుపు దగ్గర నిలబడి ఉన్నాను. జడ్జిగారు కన్నడంలోనే అడిగారు, మీకు కామెర్లు వచ్చాయా అని.

"నాకా? లేదమ్మా. నాకెప్పుడూ రాలేదు" అంది చిన్నమ్మ, తనూ కన్నడంలోనే.

మా లాయరు తల వంచుకున్నాడు. జడ్జిగారు అఫిడవిట్టు ఎత్తి చూపించి, ఈ సంతకం మీదేనా అన్నారు. నాదే అంది. ఇందులో ఏముందో మీకు చదివి చెప్పారా అన్నారు. అబద్ధపు ఒట్టు అని ఆ దరఖాస్తు కొట్టేస్తే సందు పోయినట్టే. లేదు, ఎవరూ చెప్పలేదు, అదిగో ఆ తలుపు దగ్గర నిలబడినవాడు మామూలే అన్నాడు అని ఆమె చెప్పవచ్చు. చెబితే నిజమే, ఆమెకు మేలు కూడా. ఆమె వెనక్కి తిరగలేదు.

"చెప్పినారమ్మా. నాకే సరిగ్గా చెవికెక్కలేదు" అంది.

మరి సమన్లు ఎందుకు తీసుకోలేదని అడిగారు. చిన్నమ్మ జరిగింది జరిగినట్టు చెప్పింది. నిశ్చితార్థం, కుర్చీ, కాఫీ, సోమవారం. సోమవారం తను ఎంతసేపు చూసిందో కూడా చెప్పింది. ఇల్లు వెనక ఉందని, వేరే దారి లేదని, స్తంభాలు పాతారని అడగకుండానే చెప్పింది. ఇంతకాలం మేము నాలుగు పేజీల ఇంగ్లీషులో చెప్పలేనిది ఆమె ఊపిరి తిప్పుకోకుండా చెప్పేసింది. జడ్జిగారు ఆపలేదు. అంతా విని, ముందు మా లాయరును అందరి ముందూ కడిగేశారు. తర్వాత అవతలి లాయరు వైపు తిరిగి, మీ క్లయింటు వెళ్ళి భోజనం చేసింది నిజమైతే ఈమె శుభకార్యం సంగతీ నిజమే కదా అన్నారు. ఐ.ఏ. అలవ్డ్, ఎక్స్ పార్టీ సెట్ అసైడ్ అని, అంటే మా దరఖాస్తు ఒప్పుకుని పాత ఉత్తరువు తీసేసినట్టు, రాయించారు. కేసు తేలేదాకా గేటు బిగించబోమని అవతలి లాయరు చేత చెప్పించి అదీ రాయించారు. ఏ శుభకార్యమున్నా సరే, ఈసారి కోర్టు కాగితం వస్తే తీసుకోవాలమ్మా అని చిన్నమ్మకు నెమ్మదిగా చెప్పారు.

బయటికి వచ్చాక మెట్ల మీద ఆమెకు అర్థం చెప్పాను. గెలవలేదు, ఓడలేదు. మన మాట కూడా వింటారు, అంతే. కేసు ఇప్పుడే మొదలైనట్టు.

"అంటే దారి ఉండాదా?"

"ఇప్పటికి ఉంది."

ఇద్దరం బస్‌స్టాపు దాకా నడిచాం. ఆమె బస్సు ఒకవైపు, నా బస్సు ఇంకోవైపు. నేనే ఆగి, "చిన్నమ్మా, కామెర్ల సంగతి నేను ఆ రోజే చదివాను. నీకు చెప్పలేదు" అన్నాను.

"తెలుసులే" అంది. బస్సు వస్తోందా అని రోడ్డు వైపు చూస్తూనే అంది. "నీకు తెలీని మాటలన్నీ ఊరంతా తిరిగి కనుక్కోని నాకు చెప్తివి. తెలిసిన మాట ఒకటుండె, అది చెప్పకపోతివి."