వాయిదా అడిగిన వాది

ముప్పయ్యేళ్లుగా తాలూకా కోర్టు వరండాలో టైపు మిషను పెట్టుకుని కూర్చున్నాను. వాయిదా దొరకలేదని ఏడ్చేవాళ్లనూ చూశాను, వాయిదా పడిందని ఏడ్చేవాళ్లనూ చూశాను. కేసు వేసిన మనిషే వాయిదా అడగడం మాత్రం వేణూతాయి దగ్గరే చూశాను.

సాతారా కొండల్లో ఆమె పుట్టిల్లు. తండ్రి పోయిన పదమూడో రోజున తమ్ముడు బాజీరావు, ఆస్తిలో హక్కు వదులుకుంటున్నట్టు రాసిన కాగితం తెచ్చాడు. మా వైపు ఆడపిల్లలందరూ ఆ కాగితం మీద వేలిముద్ర వేసి, పెట్టిన చీర పట్టుకుని పోతారు. వేణూతాయి వేయలేదు.

"అడిగితే ఇచ్చేదాన్నే అన్నా. అడగలేదు. వేలు లాక్కుని సిరా పూశాడు" అనేది నాతో.

కేసు వేసింది. పుట్టింటి తలుపు మూసుకుపోయింది. భర్త పోయాడు, పిల్లల్లేరు. అక్కచెల్లెళ్లు అన్నదమ్ములకు హారతి పట్టే భావూబీజ్ పండుగనాడు, అన్నదమ్ములు లేని ఆడవాళ్లు చంద్రుడికి పడతారు. తమ్ముడు బతికుండగానే ఈమె పందొమ్మిదేళ్లు చంద్రుడికే పట్టింది. తలచుకుంటే నాకు ఒళ్లు మండుతుంది, ఎవరి మీదో చెప్పలేను.

వాయిదా రోజున ఇద్దరూ నా ఎదుటి బల్లకు చెరో చివర కూర్చునేవారు. మాటల్లేవు. ఉన్నవన్నీ నా ద్వారానే.

"ఆ ప్రతివాదికి చెప్పన్నా, దగ్గుతున్నాడు, చెవులకు గుడ్డ కట్టుకోమని."

"వాదిని అడగన్నా, మోకాళ్లకు నూనె రాస్తోందా, అక్కడా మొండితనమేనా అని."

"ఆ మొండితనం వాళ్ల నాన్నదేనని చెప్పన్నా!"

కిందటి వేసవిలో పై కోర్టు ఉత్తర్వు వచ్చింది. పదేళ్లు దాటిన సివిలు కేసులన్నీ ఆరు నెలల్లో తేల్చేయాలట. ప్లీడర్లు గొణుక్కున్నారు, కక్షిదారులు పేడా మిఠాయిలు పంచుకున్నారు. వేణూతాయి మాత్రం నా దగ్గరకు వచ్చింది.

"ఒంట్లో బాగాలేదని వాయిదాకి అర్జీ టైపు చెయ్యన్నా."

"గెలిచే కేసు తాయీ! మతి గానీ పోయిందా?"

"చెయ్యమన్నానా?"

చేశాను. జడ్జిగారు దాన్ని పక్కన పడేసి, పై కోర్టు ఉత్తర్వు చూపించి, సాక్షిని పిలిపించారు.

అయిదో నెలలో తీర్పు వచ్చింది. ఇంట్లో సగం ఆమెది. బాజీరావు ఆమె ముందు ఆగాడు, టోపీ సర్దుకుని బస్సుకు వెళ్లిపోయాడు.

ఆమె ప్లీడరు చేతులు నులుముకుంటూ వచ్చాడు. "ఇక నీకు తిరుగులేదు తాయీ! అతను అప్పీలు వెయ్యడట. మధ్యలో గోడలెందుకు, ఇల్లంతా అక్కనే ఏలుకోమను అన్నాడు. రేపే పుణెలో కూతురి దగ్గరకు పోతున్నాడు, మళ్లీ ఇటు రాడట."

వేణూతాయి బల్ల మీద కూలబడింది. ప్లీడరు వెళ్లాడు, జనం వెళ్లారు, బంట్రోతు కోర్టు తలుపులు వేశాడు. నేను మిషనుకు గుడ్డ కప్పుతుంటే అడిగింది.

"అన్నా, ఓడినవాళ్లే అప్పీలు వెయ్యాలా? గెలిచినవాళ్లు వెయ్యకూడదా?"