గాడిదల పెళ్లికి అమ్మానాయనలు

మొన్న కొత్తచెరువు బస్టాండులో తుంపరకు తడిసిన గాడిదొకటి నన్ను రాసుకుంటూ పోయింది. ఆ వాసనకు నాకు మా అమ్మానాయనల కాపురం గుర్తొచ్చింది, ఇద్దరూ క్షమించాలి.

రెండువేల తొలి ఏళ్లలో, ముదిగుబ్బ పక్క మా పల్లెలో, మొలిచిన శెనక్కాయ చేలు వాడిపోయి, గొర్రెలు కంపచెట్టు నీడకోసం తోసుకునే రోజుల్లో, వాన రావాలని గాడిదలకు పెళ్లి చేసేవాళ్లు. ఆడగాడిద తరఫున పీటలమీద కూర్చోడానికి అన్యోన్యమైన జంట కావాలి. నాయన ఊరి మొగుడూపెళ్లాల తగాదాలు తీర్చే పెద్దమనిషి కాబట్టి, ఆ జంట మావాళ్లే.

ఇంట్లో వాళ్లిద్దరికీ మాటల్లేక రెండేళ్లు. సంగటి వడ్డించి అమ్మ నాతో, "మీ నాయనకు చట్నీ కావాల్నేమో అడుగు" అనేది. మూరెడు దూరంలో ఉన్న నాయన, "వద్దని చెప్పు పాపా" అనేవాడు. కారణం నాకెవరూ చెప్పలేదు. టెలిఫోను తీగకు ఎవరు చెప్తారు?

పెళ్లిరోజు పొద్దున అమ్మ ట్రంకుపెట్టె సర్దింది.

"సాయంత్రం బస్సుకు చిలమత్తూరు మా అమ్మోళ్లింటికి పోతాండా. మళ్లా రాను. నువ్వొస్తావా?"

"పరీక్షలుండాయిమ్మా" అన్నాను. బడి తెరిచి నెలే అయింది.

డప్పుల మోత, పసుపు, సాంబ్రాణి పొగ, గాడిదల నొసట కాగితపు బాసికాలు. పీటమీద నాయన అమ్మ కొంగు సర్దాడు, అమ్మ నవ్వింది. ఆ ఇద్దరినీ నేనెప్పుడూ చూడలేదు. పెళ్లికూతురొక్కటే నిజాయితీగా పారిపోవాలని చూసింది. ఊరంతా వానకు మొక్కింది. నేనూ మొక్కాను, చేనుకోసం కాదు: దారికడ్డంగా ఉండే వంక పారితే మా ఊరికి బస్సు రాదు.

వాన వచ్చింది. వంక పారింది. మరునాడు ఆడవాళ్లు పసుపుకుంకుమలతో వచ్చి, "మీ కాపురం చలవేనమ్మా ఇది! పంట ఇంటికొచ్చేదాకా యాడికీ పోవద్దు తల్లీ" అన్నారు. అమ్మ బొట్టు పెట్టించుకుంది. ఆపై ఏడేళ్లు ఆ పీటలమీద వాళ్లే కూర్చున్నారు. వాన రెండుసార్లే వచ్చింది.

ఇప్పుడు ఆ ఊళ్లో గాడిదలు లేవు, వంకలో ఇసుక లేదు, నాయనా లేడు. పోయిన నెల అమ్మను అడిగాను, ఆరోజు వాన పడకపోయుంటే పోయేదానివా అని.

"వానలోనే నడిసి పోదామని గడప దాటితి పాపా. నువ్వు వాకిట్లో తడుస్తా ఎగురుతాంటివి. నిన్నంత సంతోషంగా ఎప్పుడూ చూసిండ్లేదు. ఇంక కాళ్లాడల్యా."