ఈశ్వరప్ప చాపలో సగం

బత్తలపల్లె దగ్గర ఓబుళేసుకు వేరుశెనగ చేను ఉండేది. ఒక ఏడు వాన పక్కచేనిలో కురిసి, గట్టు దాకా వచ్చి ఆగిపోయింది. వాళ్లకు కాయ దక్కింది, ఇతనికి ఎండుకట్టె మిగిలింది. గట్టు మీద నిలబడి పక్కచేను చూసిన ఆ చూపు ఓబుళేసు కళ్లలోంచి ఇప్పటికీ పోలేదు. చేను వదిలేసి ధర్మవరం వచ్చి పట్టుమగ్గం పనిలో దిగాడు. మాదీ అతనిదీ ఒకే గోడ. ఎదురింటి మగ్గం ఆగకుండా ఆడుతుంటే అతనికి ముద్ద దిగదు.

అలాంటివాడు గమ్మునోళ్లలో చేరాడని జనం నవ్వారు. అలాంటివాడు కాబట్టే చేరాడని నేనంటాను.

గమ్మునోళ్లంటే ఈశ్వరప్ప అనే ముసలి నేతగాడి చుట్టూ చేరినవాళ్లు. మాట పుట్టకముందు, గుర్తు పుట్టకముందు ఉన్నదంతా ఒకటేనని వాళ్ల నమ్మకం. ఎవడో వేలు చూపించి ‘అది’ అన్నాడట. అన్నవాడు ఒక పక్కకు, అనిపించుకున్నది ఒక పక్కకు చీలిపోయాయి. నీది, నాది అప్పుడు మొదలైంది.

“నీ చేను, పక్కోని చేను అనేది పుట్టకముందు గూడా వాన ఉండాదప్పా” అన్నాడు ఈశ్వరప్ప, ఓబుళేసు మొదటిసారి వెళ్లినప్పుడు. ఇక ఇతను ఆయన్ని వదల్లేదు.

మగ్గానికి కొత్త పడుగు, అంటే నిలువు దారాలు, ఎక్కించినప్పుడల్లా గమ్మునోళ్లు మొదటి జానెడు జరీ, బుట్టా ఏమీ లేకుండా సాదాగా నేసి కోస్తారు. అమావాస్య సాయంత్రం ఆ ముక్కలన్నీ ఈశ్వరప్ప ముందు కుప్ప పోస్తారు. ఆయన కళ్లు మూసుకుని ఒక్కొక్కటీ తడిమి పక్కన పెడతాడు. ఎప్పుడో ఒకటి ఒళ్లో ఉంచుకుంటాడు. అది నేసినవాళ్లు నోరు విప్పకుండా లేచి వెళ్లి ఆయన చాపలో సగం మీద కూర్చోవాలి. ఆయన తర్వాత చాప వాళ్లదే. ‘నాది’ అని మాట జారితే మాత్రం ముక్క తీసుకుని ఇంటికి పోవాలి.

ఆ చాప మీదే ఓబుళేసు ప్రాణమంతా. పెళ్లాం మల్లీశ్వరికి ఆ గొడవ పట్టదు. “నువ్వూ ఒగ జానెడు నెయ్యి, కుప్పలో పడుంటాది” అని అతనే ఆమెను మగ్గంలో కూర్చోబెట్టాడు.

పోయిన ఎండాకాలం అమావాస్యకు నేనూ వెళ్లాను. కాలేజీ మానేశాక సాయంత్రాలు నాకు పనేముంది. ఈశ్వరప్ప ఒక నీలం ముక్కను ఒళ్లో ఉంచుకున్నాడు. కుప్పలో నీలానివి రెండే, రెండూ ఓబుళేసు మగ్గానివే. ఓబుళేసు గట్టిగా కొట్టి నేస్తాడు, అతని గుడ్డ అట్టలా నిలబడుతుంది. ఒళ్లో ఉన్నది నీళ్లలా జారుతోంది. అతని పక్కన కూర్చున్న మల్లీశ్వరి మోకాలి మీద చెయ్యి ఆనించి లేవబోయింది.

“అది నాది” అన్నాడు ఓబుళేసు.

ఈశ్వరప్ప కళ్లు తెరిచి మల్లీశ్వరిని చూశాడు. ఆమె మళ్లీ కూర్చుంది.

“నీదైతే తీసుకపో” అని ముక్కను అతనికి అందించాడు.

బయట చెప్పులు తొడుక్కుంటూ సుంకప్ప అనే నేతగాడు ఊరుకోలేదు. “ఏమన్నా, ఇన్నేండ్లు గమ్మునుండి, ఉండాల్సినప్పుడే కూసినావే.”

ఇంటికొచ్చాక వాళ్ల మాటలు గోడ దాటి మాకు వినబడ్డాయి.

“నాదని నువ్వేల చెప్పలేదు?”

“చెప్పింటే నేనూ నీమాదిరి చంకన పెట్టుకోని రావాల గదా.”

“నీదేనని నీకు తెలిసెనా?”

“నీకు తెలిసె గదా, సాలు. సంగటి సల్లారతాంది, తిను.”

అతను తినలేదు. ఆమె తిన్నది. తినగలిగిందని కూడా కుళ్లుకుని ఉంటాడు.

ఆ నీలం ముక్క దండెం మీద వేలాడుతోంది. దాంతో ముఖం తుడుచుకోడు, పారేయడు. తర్వాతి పడుగుకు మల్లీశ్వరి ఎవరూ చెప్పకుండానే తన జానెడు నేసింది. ఓబుళేసు నేయలేదు. అయినా అమావాస్య అమావాస్యకూ ఆమె వెంటే వెళ్లి పక్కనే కూర్చుంటాడు. ఈశ్వరప్ప చాపలో సగం వదిలి కూర్చుంటున్నాడు. ఓబుళేసు ఆయన్ని చూడడు, కుప్పనూ చూడడు. పెళ్లాం మోకాళ్లను చూస్తుంటాడు. ఆమె కొంగు సర్దుకోవడానికి కదిలినా చాలు, అతని నోరు తెరుచుకుంటుంది.