ఎర్ర వైపు అరిగిపోయిన పెన్సిల్

నా చిన్నప్పుడు మా ఇంట్లో రంగు పెన్సిళ్లు కొన్న గుర్తు లేదు. మా నాన్న ఆఫీసు నుంచి తెచ్చే పెన్సిలే మాకు రంగుల పెట్టె. దానికి ఒక చివర ఎరుపు, రెండో చివర నీలం. ఫైళ్లలో గీతలు పెట్టుకోమని ప్రభుత్వం ఇచ్చిన ఆ పెన్సిల్‌తోనే నా సూర్యుళ్లూ, నా సముద్రాలూ, చివరికి నా చెట్లు కూడా. బళ్లో మేడమ్ నా నీలం మామిడి చెట్టు చూసి నవ్వితే ఇంటికొచ్చి ఏడ్చాను. మా నాన్న మాత్రం రెండు రంగులు చాలు, లోకం నడిచిపోతుంది అనేవాడు. ఆ రెండు రంగులే ఒక మధ్యాహ్నం మా ఇంటిని నిలబెడతాయని అప్పటికి ఆయనకీ తెలియదు.

తొంభైల మొదట్లో మాట ఇది. మేము ఢిల్లీ ఆర్.కె. పురంలో ప్రభుత్వ క్వార్టర్లో ఉండేవాళ్లం. రెండు గదులు, చిన్న బాల్కనీ. మా నాన్న ఒక మంత్రిత్వ శాఖలో గుమాస్తా. ఒక ఎండాకాలం ఎదుటి బ్లాకులో ఉండే అంకుల్ ఒకాయన ఉద్యోగంలో ఉండగానే పోయారు. ఉద్యోగం పోతే క్వార్టరూ పోతుంది. కొన్ని నెలల గడువు ముగిశాక వాళ్ల సామాను టెంపోలోకి ఎక్కించారు. ఆ ఇంటి ఆంటీ పరుపు చుట్ట మీద కూర్చుని, బీరువా అద్దం పగలకుండా రెండు చేతులా పట్టుకుంది. వాళ్ల అమ్మాయి నా క్లాసే. టెంపో మలుపు తిరిగేదాకా మా నాన్న బాల్కనీలోనే నిలబడ్డాడు. ఆ రోజు రాత్రి అన్నం తినలేదు.

అప్పటి నుంచి ఆయనకు ఒకటే ధ్యాస. సొంత ఇల్లు. యమున అవతల కడుతున్న ఒక ఫ్లాటు చూసి వచ్చాడు. పీఎఫ్ నుంచి కొంత, అమ్మ నగలు అమ్మితే కొంత, ఇంకా లక్ష రూపాయలు తక్కువ. ఆఫీసులో ఇంటి అప్పుకు వరస చాలా పొడుగ్గా ఉంది. అందుకని బయట ఒక అప్పుల కంపెనీని పట్టుకున్నాడు. నెలకు పదమూడు వందల పదిహేడు రూపాయలు, ఇరవై ఏళ్లు. నాన్నకు అప్పుడు ముప్పై ఎనిమిది. ప్రభుత్వంలో యాభై ఎనిమిదికి రిటైర్మెంటు. చివరి వాయిదా, చివరి జీతం ఒకే నెలలో పడతాయని ఆయన అదేదో దేవుడు కుదిర్చిన ముహూర్తంలా చెప్పుకుని మురిసిపోయాడు.

ఇరవై ఏళ్లకు కలిపితే మూడు లక్షలు దాటుతుంది కదా అని అమ్మ ఒకసారి అడిగింది. అంతదాకా ఎందుకొస్తుంది అన్నాడు నాన్న. దానికి కారణం మా స్కూటరు. ప్రభుత్వోద్యోగులకు స్కూటరు కొనుక్కోవడానికి ఆఫీసే అడ్వాన్సు ఇచ్చేది. జీతంలోంచి నెలనెలా ముందు అసలు కోసుకునేవారు. అసలంతా తీరాక, చివర్లో కొద్ది నెలలు వడ్డీ. మా కాలనీలో అందరికీ అప్పంటే అదే. ఇంటి అప్పు కూడా అలాగే ఆరేడేళ్లలో అసలు తీరిపోతుందని, ఆ తరువాత ఎప్పుడు చేతిలో డబ్బు ఆడితే అప్పుడు మిగిలిన వడ్డీ పారేసి బయటపడవచ్చని మా నాన్న లెక్క. రోజంతా లెక్కలు రాసే మనిషి కదా, ఆయన మాటకు మేము ఎదురేం చెబుతాం?

ఆ శనివారం నాలుగు గంటలకు ఏజెంటు సంతకాలకు వస్తానన్నాడు. అమ్మ పొద్దున్నే తన గాజులూ, గొలుసూ ఒక పౌడరు డబ్బాలో వేసి బల్ల మీద పెట్టింది. పెట్టాక మూత రెండు సార్లు తీసి చూసుకుంది. అప్పుకు ఒక షూరిటీ కావాలి. నాన్న పక్కింటి అక్కను అడిగాడు.

పక్కింటి అక్క నరసాపురం వైపు క్రైస్తవుల అమ్మాయి. ప్రభుత్వ ఆసుపత్రిలో నర్సు. వాళ్లమ్మతో కలిసి ఉండేది. ఐదేళ్ల కిందటే జనక్‌పురిలో ఫ్లాటు కొని అద్దెకిచ్చిందని కాలనీలో ఆమెకు గొప్ప పేరు. డ్యూటీ నుంచి తెల్ల చీరతోనే నేరుగా మా ఇంటికి వచ్చింది. అమ్మ ఇచ్చిన మజ్జిగ తాగుతూ కాగితాలు చదవడం మొదలుపెట్టింది. రెండో పేజీ దగ్గర గ్లాసు కింద పెట్టేసింది. మళ్లీ మొదటి పేజీకి వెళ్లింది. నాన్న ఆమె ముందు పెట్టిన పెన్ను అలాగే ఉండిపోయింది.

"ఇష్టం లేకపోతే చెప్పెయ్యమ్మా, ఇంకొకరిని అడుగుతాను" అన్నాడు నాన్న. ఆ గొంతు నాకు తెలుసు. అది ఆయన కోపాన్ని నమిలి మింగుతున్నప్పటి గొంతు.

"అదేం కాదు అన్నయ్యగారూ. ఒక్క గంట టైమివ్వండి" అని అక్క లేచి వాళ్లింటికి వెళ్లిపోయింది. నాన్న వెంటనే చొక్కా వేసుకున్నాడు, ఇంకెవరినో పిలుచుకొస్తానని. అమ్మ ఆయనకు అడ్డం నిలబడలేదు గానీ స్కూటరు తాళాలు మాత్రం ఎంత వెతికినా కనబడలేదు. అవి ఆవిడ కొంగు ముడిలో ఉన్నాయి. నేను చూశాను, చెప్పలేదు. రెండు దాటింది.

అక్క ఒక పాత కవరుతో తిరిగి వచ్చింది. నన్ను పిలిచి, లెక్కల గళ్ల నోటుబుక్కు తెమ్మంది. నాన్న జేబులోంచి ఎరుపు నీలం పెన్సిల్ తనే తీసుకుంది. ఒక వరుసలో ఇరవై గళ్లు, అది ఒక నెల వాయిదా అంది. కంపెనీ వడ్డీకి జమ చేసుకున్న గళ్లకు ఎరుపు, ఇంటి అప్పులోంచి నిజంగా తగ్గిన గళ్లకు నీలం వెయ్యాలి.

"నీలం కిత్నే?" అని అడిగాను. నాకు తెలుగు అర్థమయ్యేది గానీ నోటికి హిందీయే వచ్చేది.

"ఒకటే. మిగతా పంతొమ్మిదీ ఎరుపు."

నేను బల్ల దగ్గర కూర్చుని రంగు వేయడం మొదలుపెట్టాను. అక్క కవరులోంచి ఏడాదికొక కాగితం తీసి చదువుతూ చెబుతోంది. రెండో నెల, ఒకటి నీలం. మూడో నెల, ఒకటి. ఏడాది అయింది, ఇంకా ఒకటే. నాకు విసుగొచ్చి ఈ ఆటలో నీలం ఎప్పుడు గెలుస్తుందని అడిగాను. అక్క తరువాతి కాగితం తీసింది. మూడో ఏడు మధ్యలో నీలం గళ్లు రెండయ్యాయి. నేను సంబరంగా చప్పట్లు కొట్టి, మళ్లీ ఎర్ర ములికి చెక్కుకున్నాను. నాన్న మొదట కిటికీ వైపు తిరిగి నిలబడ్డాడు. తరువాత నా కుర్చీ వెనక్కి వచ్చాడు. ఆయన ఊపిరి నా మెడకు తగులుతోంది.

ఐదో ఏడు సగంలో ఉండగా ఎర్ర చివర అయిపోయింది. చెక్కితే లోపల నీలం వచ్చింది. పెన్సిల్ పైకెత్తి చూపించాను. ఎరుపు ఉండాల్సిన సగం చెక్కు పొట్టుగా బల్ల మీద పడి ఉంది. నీలం సగం దాదాపు కొత్తగానే ఉంది.

అక్క చేతిలోని కాగితం నాన్న అందుకున్నాడు. దాని మీద ఆమె పేరే ఉంది. ఐదేళ్లలో ఎంత కట్టావమ్మా అని అడిగాడు. డెబ్భై తొమ్మిది వేల ఇరవై రూపాయలు అంది. అప్పెంత తగ్గిందని అడిగాడు.

"ఐదు వేల తొమ్మిది వందల పదిహేనండి. మీరు తీసుకునేంతే నేనూ తీసుకున్నాను. అదే వడ్డీ, అదే ఇరవై ఏళ్లు."

"మరి స్కూటరుకి..." అని మా నాన్న ఆగిపోయాడు.

"మా ఆసుపత్రిలోనూ అంతే కదండీ, అసలే ముందు కోస్తారు. నేనూ అలాగే అనుకున్నాను. వీళ్లు ఏ నెలకా నెల మిగిలిన అప్పంతటి మీదా వడ్డీ ముందు లాక్కుని, మిగిలిందే అసలుకి వేస్తారు. మా అమ్మకి కూడా చెప్పలేదండి. చర్చిలో అందరూ ఇల్లు కొన్న పిల్ల అని మెచ్చుకుంటుంటే ఏమని చెప్పను?"

ఆ మాట చెప్పేటప్పుడు ఆమె మా నాన్న వైపు చూడలేదు, నా నోటుబుక్కు వైపు చూసింది. అంత పొగరుగా, అంత నిటారుగా నడిచే అక్క మెడ వంగడం నేను అప్పుడే చూశాను. నాకు ఏడుపొచ్చింది, ఎందుకో తెలియలేదు. సరిగ్గా అప్పుడే తలుపు కొట్టారు.

ఏజెంటు చెమట తుడుచుకుంటూ లోపలికి వచ్చి, పౌడరు డబ్బా పక్కన తన బ్యాగు పెట్టి కాగితాలు పరిచాడు. మొదటి ఏడాదిలో అసలు ఎంత తగ్గుతుందని నాన్న హిందీలో అడిగాడు. ఆయన నవ్వాడు. "అరే భాయిసాబ్, ఆప్ కిస్త్ దేఖియే, కిస్త్! ఇత్నే మే తో కిరాయే కా మకాన్ భీ నహీ మిల్తా." వాయిదా ఎంత తక్కువో చూడండి, ఈ డబ్బుకి అద్దె ఇల్లు కూడా దొరకదు అని. పైగా సోమవారం నుంచి ఫ్లాటు ధర పెరుగుతుందన్నాడు. నాన్న పెన్ను మూత తీశాడు. ఆయన కళ్లలో మళ్లీ ఆ టెంపో కనబడింది నాకు. లెక్క తప్పని తెలిసీ ఆయన సంతకం పెట్టేస్తాడనిపించింది. భయం ముందు లెక్క ఎంతసేపు నిలబడుతుంది? అది నాకు పదేళ్ల వయసులోనే అర్థమైంది.

వంటింటి గుమ్మంలోంచి అమ్మ మాట్లాడింది. పరాయి మగవాళ్లతో అమ్మ హిందీ మాట్లాడటం అదే మొదటిసారి.

"దస్ సాల్ కా కిత్నా?"

ఏజెంటు వినబడనట్టు నటించాడు. అమ్మ లోపలికి వచ్చి, పౌడరు డబ్బా తీసి చంకలో పెట్టుకుని మళ్లీ అదే అడిగింది. అప్పుడు ఆయన బ్యాగు అడుగు నుంచి నలిగిన పట్టిక ఒకటి తీశాడు. పదేళ్లకైతే నెలకు పదహారు వందల పదమూడు. నాన్న నా నోటుబుక్కు వెనక అట్ట మీద, ఆ పెన్సిల్ నీలం చివరతోనే గుణించాడు. నెలకు మూడు వందలు ఎక్కువ కడితే పదేళ్ల ముందే అప్పు తీరిపోతుంది. లక్షా ఇరవై రెండు వేలు మిగులుతాయి. అంటే మేము అప్పు తీసుకునే లక్ష కంటే ఎక్కువ.

"నెలనెలా మూడు వందలు ఎక్కడ నుంచి తేను?" అన్నాడు నాన్న చిన్నగా.

"అది నా లెక్క" అంది అమ్మ.

నాన్న పెన్ను మూత పెట్టేశాడు. ఏజెంటు విసుక్కుంటూ వెళ్లిపోయాడు, ధరకు పూచీ నాది కాదని మెట్ల మీద నుంచి కూడా అరుస్తూ. ఆ రెండు రోజులు మా ఇంట్లో ఎవరికీ సరిగ్గా నిద్ర లేదు. సోమవారం సాయంత్రం ఆయనే పదేళ్ల ఫారాలు పట్టుకుని వచ్చాడు. ధర ఒక్క రూపాయి పెరగలేదు. అక్క షూరిటీ సంతకం పెట్టింది.

అమ్మ లెక్క ఏమిటో మరుసటి వారం నుంచి తెలిసింది. ముందు గదిలో కాలనీ పిల్లలకు ట్యూషన్లు మొదలయ్యాయి. ఊరు వెళ్లడం రెండేళ్లకోసారి అయింది. నా బడి కోటు చేతులు మోచేతుల దాకా వచ్చినా కొత్తది రాలేదు. దాని మీద అమ్మతో చాలా పోట్లాడాను. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తుంది.

పక్కింటి అక్క బాకీని మా నాన్న మరో విధంగా తీర్చుకున్నాడు. ఆమె కవరు ముందేసుకుని రెండు ఆదివారాలు కూర్చుని ఒక సంగతి పట్టుకున్నాడు. వాయిదాకు పైన కట్టేదేదైనా మొత్తం నీలమే. ఒక ఐదు వందలు అదనంగా కడితే మూడు వరుసల ఎరుపు వెయ్యకుండానే దాటెయ్యవచ్చు. అక్క నైట్ డ్యూటీ డబ్బులు దాచి కట్టిన ప్రతిసారీ నన్ను పిలిచేది. నేను ఆ వరుసల మీద పెద్ద గీత కొట్టేదాన్ని. ఆమె ఇరవై ఏళ్ల అప్పు పదమూడేళ్లకే తీరిపోయింది. ఆ రోజు వాళ్లమ్మకు మొత్తం కథ చెప్పేసిందట. ముసలావిడ, నాకు మొదటి ఏడాదే తెలుసు, నువ్వు చెబుతావని చూస్తున్నాను అందట.

ఆ పెన్సిల్ ముక్క నా సూదుల డబ్బాలో ఇంకా ఉంది, ఎరుపు లేకుండా. వాయిదా చూసి ఇల్లు కొనకూడదని, ఏ గడి ఎవరికి పోతుందో చూసి కొనాలని అది నాకు చెప్పింది. కానీ నా దగ్గర నిలిచింది అది ఒక్కటే కాదు. వద్దు అని ఒక్క మాట అనేసి అక్క తన పేరు కాపాడుకుని ఉండవచ్చు. ఆమె కవరు తెచ్చింది.

నేనూ తరువాత ఇల్లు కొని, నా వంతు తప్పులు నేనూ చేశాను. మొన్న మా ఆఫీసులో కొత్తగా చేరిన అమ్మాయి ఇంటి అప్పు కాగితాలు మా ఇంటికి తెచ్చి, ఆంటీ, ఒక్క షూరిటీ సంతకం అంది. కూర్చోమన్నాను. ముందు నా బీరువాలోంచి నా అప్పు కాగితాల కవరు తీశాను.