మిలూటిన్ గారికి నేను తప్పు చెప్పిన పాట

మిలూటిన్ గారు పోయారు.

నిన్న ఉదయం లైబ్రరీ పార్కింగ్‌లో కారు ఆపుతుంటే వాళ్ళమ్మాయి యెలేనా మెసేజ్. "నాన్న నిద్రలోనే వెళ్ళిపోయారు." సగం కారు గీత లోపల, సగం బయట. అలాగే కూర్చుండిపోయాను. వెనక ఎవరో హార్న్ కొట్టారు.

మొదట ఏడుపు రాలేదు.

"అయ్యో, ఇంకా చెప్పలేదే" అన్న కంగారు వచ్చింది.

ఇది రాయడానికి సిగ్గుగానే ఉంది. కానీ ఇది దాచేసి ఆయన గురించి నాలుగు మంచి మాటలు రాస్తే అది ఇంకో అబద్ధం అవుతుంది.

మీలో చాలామందికి ఆయన తెలియదు. సెర్బియన్ కవి. సొంత భాషలో మూడు పుస్తకాలు. వాళ్ళ దేశంలో యుద్ధం జరిగిన రోజుల్లో భార్యనీ, చిన్నపిల్లగా ఉన్న యెలేనానీ తీసుకుని చికాగో వచ్చి, రిటైరయ్యేదాకా ట్రక్ నడిపారు. ట్రక్ స్టాప్‌లో తమవైపు మనిషి దొరికినా, చర్చి వంటగదిలో ముసలమ్మ కనబడినా, వాళ్ళ ఇంటి పాట ఒకటి టేప్ చేసుకోకుండా కదిలేవారు కాదట.

ఆ కేసెట్లన్నీ షూ డబ్బాల్లో పెట్టుకుని, చికాగో పక్కనే షామ్‌బర్గ్‌లో నేను పనిచేసే లైబ్రరీకి డిజిటైజ్ చేయించుకోవడానికి వచ్చారు. ఒక్క నెల పని అన్నారు.

నాలుగేళ్ళు వచ్చారు. లైబ్రరీకి వచ్చే వేరే భాషల అమ్మల పాటలు కూడా టేప్ చేసుకోవడం మొదలెట్టారు.

ఆయన ఎవరినీ "పాడండి" అని అడిగేవారు కాదు. ముందు తనే ఒకటి పాడి, ఊరుకునేవారు. కదలకుండా, మాట్లాడకుండా. ఎదుటివాళ్ళకి ఉండబట్టేది కాదు.

మా అత్తయ్య, అంటే మా ఆయన వాళ్ళమ్మ, ఆర్నెల్లు ఉండడానికి వచ్చినప్పుడు, ఇంట్లో తోచట్లేదంటే లైబ్రరీకి తీసుకెళ్ళాను. మిలూటిన్ గారు ఆవిడ ఎదురుగా కూర్చుని, కళ్ళు మూసుకుని, గొర్రెల కాపరి పాట ఒకటి ఎత్తుకున్నారు.

"గొంతు బాలేదు గానీ మనిషికి మొహమాటం లేదే అమ్మాయ్. నాకు నచ్చాడు," అంది అత్తయ్య.

వెంటనే తనూ ఎత్తుకుంది. పెళ్ళి భోజనాల్లో వియ్యపురాలిని ఆటపట్టించే పాట. అందులో వియ్యపురాలి పేరు పెట్టి పాడాలి కదా. మా అత్తయ్యకి వియ్యపురాలు ఎవరు?

మా అమ్మ.

రాజ్యలక్ష్మమ్మ ముప్పై బూరెలు తిని, ముప్పై ఒకటోది కొప్పులో దాచిందట. చీమలు కొప్పుదాకా ఊరేగింపు కట్టాయట. నాలుగో చరణంలో వంటాయనకి కన్ను కొట్టిందట!

పాడుతూ పాడుతూ అత్తయ్య పగలబడి నవ్వింది. ఆయన నావైపు తిరిగారు. "అర్థం?"

"జోలపాట," అన్నాను. "పాపని నిద్రపుచ్చమని తల్లి చందమామని బతిమాలుతోంది."

"జోలపాటా? మరి ఈవిడ అలా నవ్వుతోందేం?"

"మావైపు పిల్లలు అలాగే పడుకుంటారు."

ఒక్క క్షణం నన్నే చూసి, రాసుకున్నారు.

"అంతా సరిగ్గా చెప్పావా?" అంది అత్తయ్య.

"ఆ, చెప్పాను అత్తయ్యా."

ఎందుకలా చెప్పాను? అమ్మ పరువు కోసం అని చాలా రోజులు నమ్మాను. కాదేమో. మన పాటలు కూడా గంభీరంగా, అందంగా ఉంటాయని ఒక కవి ముందు ఫోజు కొట్టాలనిపించిందేమో. లేకపోతే అత్తయ్య మీద చిన్న కసా? ఇప్పటికీ తేల్చుకోలేను.

ఆయన ఆ చందమామ మీద ఇంగ్లీష్‌లో కవిత రాశారు. ఈ చుట్టుపక్కల అమ్మల పాటలు, ఒక్కో పాట పక్కన తన కవిత, ఇదీ ఆయన ఆఖరి పుస్తకం. లైబ్రరీలో ఆ కవిత చదివినప్పుడు జనం కళ్ళు తుడుచుకున్నారు.

నేనూ తుడుచుకున్నాను. అదీ నా బతుకు.

ఒకసారి ఆయనే ఒక సంగతి చెప్పారు. కుర్రతనంలో ఒక ముసలావిడ తన అన్న చనిపోతే పాడిన ఏడుపు పాట రాసుకున్నారట. అందులో ఆవిడ అన్నని తాగుబోతనీ, మొండివాడనీ చెడామడా తిట్టింది. ఈయన ఆ తిట్లు తీసేసి, చక్కగా దిద్ది అచ్చువేశారు. పుస్తకం పట్టుకెళ్ళి చదివి వినిపిస్తే, ఆవిడ శ్రద్ధగా విని, "బాగుంది నాయనా. ఎవరిదీ పాట?" అందట.

చెప్పి, తన చేతులకేసి చూసుకుంటూ కూర్చున్నారు.

అప్పుడైనా చెప్పొచ్చు కదా. నోటిదాకా వచ్చింది. "కాఫీ తెస్తాను," అని లేచిపోయాను.

ఆయన ఆఖరి పుస్తకం వచ్చేవారం ప్రెస్‌కి వెళ్తోంది. పాట కింద మా అత్తయ్య పేరు, పక్కన నా అబద్ధం.

ఈ ఉదయం యెలేనాకి ఫోన్ చేసి చెప్పేశాను. తండ్రి పోయిన మర్నాడు చెప్పాల్సిన మాటేనా ఇది? కానీ ఇంకెప్పుడు చెప్పను?



"ఆ కవిత నాన్నకి ప్రాణం. పోయినవారం కూడా నాతో చదివించుకున్నారు," అంది. తర్వాత, "నువ్వు చెప్పి ఉంటే ముందు బాగా తిట్టేవారు. ఆ వెంటనే మీ అత్తగారిని మళ్ళీ పాడమనేవారు. అసలు అర్థం పంపించు," అంది.

రాజమండ్రిలో ఉన్న అత్తయ్యకి ఫోన్ కలిపాను.

"అంటే ఇన్నాళ్ళూ ఆయన నేను జోలపాట పాడాననుకున్నాడా?" అత్తయ్యకి నిజంగా కోపం వచ్చింది. "జోల పాడుతూ ఆ నవ్వేంటి, ఈవిడకి పిచ్చా అనుకుని ఉంటాడు పాపం! నా పరువు తీశావు కదే!"

అంతలోనే గొంతు తగ్గించి, "పోయాడా మనిషి..." అంది. "సరే, కాగితం తీసుకో. ఒక్క ముక్క మార్చకు. మీ అమ్మ నా మీద పాడింది ఇంతకన్నా ఘోరం, అదీ పంపించు."

అమ్మా, నువ్వు ఇది చదువుతావని తెలుసు. నీ పాట కూడా కావాలి. సాయంత్రం ఫోన్ చేస్తాను.

అత్తయ్య పాట, మాటకి మాట అర్థం, చీమలతో సహా, కన్ను కొట్టడంతో సహా, గంట క్రితం పంపాను. కవిత ఉంచుతారో తీసేస్తారో యెలేనా ఇష్టం. తీసేస్తే ఆయన చివరి కవితల్లో ఒకటి నావల్ల పోతుంది. ఉంచితే లేని పాటకి కవిత మిగులుతుంది. ఏది తలచుకున్నా ఒకచోట కూర్చోలేకపోతున్నాను.

మిలూటిన్ గారూ, మీకు అనుమానం వచ్చింది. అయినా నా మాట మీద రాసుకున్నారు. నన్ను క్షమించండి.

పోయినవాళ్ళకి మట్టి తేలికగా ఉండాలని మీవైపు కోరుకుంటారట. మీకు అలాగే ఉండాలి.

నిశ్చింతగా పడుకోండి.