ఫెయిల్ చేయమని వేసిన కేసు

చుక్కమ్మ అన్నది ఆమె అసలు పేరు కాదు. నీళ్ల నాణ్యత పరీక్షించే ల్యాబులో తోటివాళ్లు పెట్టింది. ఆమె డిగ్రీ మార్కుల జాబితాలో థర్మోడైనమిక్స్ మార్కుల పక్కన చిన్న చుక్క గుర్తు ఉంది. ఆ పేపరులో తక్కువైన మూడు మార్కులు యూనివర్సిటీయే కలిపిందని దాని అర్థం. పాసైన సంబరంలో అడుగున సన్నక్షరాల్లో ఏముందో ఎవరు చదువుతారు? ల్యాబులోనే అనలిస్టు ఉద్యోగానికి దరఖాస్తు పెట్టుకున్నప్పుడు పైవాళ్లు చదివారు. గ్రేస్ మార్కులతో గట్టెక్కినవాళ్లు ఆ ఉద్యోగానికి పనికిరారట.

పోనీ మళ్లీ రాస్తానని యూనివర్సిటీకి వెళ్లింది.

"పాసైనవాళ్లు మళ్లీ రాయడానికి లేదమ్మా," అన్నాడు కిటికీ వెనక గుమాస్తా.

"అయితే ఆ మూడు మార్కులు తీసేయండి."

"ఇవ్వడానికి రూలుంది గానీ వెనక్కి తీసుకోడానికి లేదు."

అలా కోర్టుకెక్కింది.

"బాగుందే వరస!" అంది అత్తగారు. "ఎవరైనా అడిగితే ఏం చెప్పను? మా కోడలు ఓడిపోతే పాసు, గెలిస్తే ఫెయిలు అని చెప్పనా?"

ఉద్యోగం ఒక్కటే అయితే ఆమె అంతదూరం వెళ్లేది కాదేమో. పరీక్ష రోజున ఆమెకి జ్వరం లేదు, పేపరు కష్టంగానూ రాలేదు. వేడి ఎటు పోతుందో, ఏ మార్పు దానంతటదే జరుగుతుందో చెప్పే ఎంట్రోపీ పాఠం ఎప్పుడూ కొరుకుడు పడలేదు, అంతే. తనకి వచ్చా రాదా అన్నది తను తేల్చుకోకుండానే ఎవరో తేల్చేశారు. అది పంటికింద రాయిలా తగులుతూనే ఉండేది.

జడ్జిగారు కాగితాలు పక్కన పెట్టి ఆమె వంక చూశారు.

"గ్రేస్ తీసేస్తే ఈ క్షణం నుంచి నీకు డిగ్రీ లేనట్టే. మళ్లీ రాసి తప్పితే గ్రేస్ అడగనని కూడా రాసివ్వాలి. అర్థమవుతోందా అమ్మా? భోజనాలయ్యాక చెప్పు."

బయట వరండాలో కూతుర్ని ఎత్తుకుని భర్త నిలబడి ఉన్నాడు. ఇళ్లలో కరెంటు పని చేస్తాడు, ఆ రోజుకి పని మానుకుని వచ్చాడు.

"వద్దులే," అన్నాడు. "ఇప్పుడున్న చిన్న ఉద్యోగానికీ డిగ్రీయేగా ఆధారం. అదీ పోతే?"

"పాసైతే?"

"కాకపోతే?"

ఆమె పిల్ల గౌను సర్దసాగింది.

"నిజం చెప్పు. ఇప్పుడు రాస్తే వస్తుందా నీకు?"

"తెలీదండీ. అదే తెలుసుకోవాలని ఉంది."

పిల్ల అతని చెవి పట్టుకుని లాగుతోంది. అతను చాలాసేపు లాగనిచ్చాడు.

"సరే, పెట్టు సంతకం. పెట్టేటప్పుడు మాత్రం నా వైపు చూడకు. కళ్లు తిరిగి పడతాను."

ఆమె సంతకం పెట్టేసింది. ల్యాబులో అందరూ ఆమె మీద జాలిపడ్డారు గానీ, డిగ్రీ లేకుండా అక్కడ ఉంచడానికి వీల్లేకపోయింది. పుస్తకం ముందేసుకుని కూర్చుంటే పిల్ల ఒళ్లోకి పాకేది. "ఇటివ్వవే దాన్ని. నీ వేడి లెక్కలేవో నువ్వు చూసుకో," అని అత్తగారే సణుగుతూ ఎత్తుకుపోయేది.

ఫలితం వచ్చింది. ఒక్క మార్కు తగ్గింది.

"ఒక్కటేగా! ఇది గ్రేస్‌లో..." అంటూనే గుమాస్తా ఆమెని గుర్తుపట్టి నాలిక్కరుచుకున్నాడు. "అయ్యో, కోర్టు అమ్మాయివి కదూ!" తర్వాత గొంతు తగ్గించాడు. "జవాబు పత్రం కాపీ తెప్పించుకో. దిద్దడంలో తప్పు దొరికితే దాని మీద కేసు వేసుకోవచ్చు. దానికి అడ్డేం లేదు."

కాపీ చేతికొచ్చిన రోజు యూనివర్సిటీ వరండాలో బెంచీ మీదే కూర్చుని, ఆ ఒక్క మార్కు కోసం పేజీ పేజీ గాలించింది. అది దొరికితే డిగ్రీ దొరికినట్టే. ఒకచోట సగం మార్కులే వేశారు. పక్కనే పిల్లని ఎత్తుకుని నిలబడ్డ భర్త ఆశగా వంగి చూశాడు.

"ఇక్కడేనా? ప్లీడరుగారికి ఫోన్ చెయ్యనా?"

చుక్కమ్మ ఆ జవాబు రెండుసార్లు చదివింది. ఉన్నట్టుండి నవ్వొచ్చేసింది.

"సున్నా డిగ్రీల కంటే చల్లగా ఉన్నా నీళ్లు వాటంతటవి గడ్డకట్టవని తేల్చానండీ."

"మన ఫ్రిజ్‌లో కడుతున్నాయిగా?"

"కడుతున్నాయి. నీళ్ల లెక్క సరిగ్గానే వేశాను. వాటిలోంచి బయటికిపోయే వేడి చుట్టూ ఉన్న గాలిని ఏం చేస్తుందో ఆ లెక్క మర్చిపోయాను. ఆ రెండూ కలిపితేనే జవాబు."

అంటూనే ఆగిపోయింది. ఇన్నేళ్లుగా కొరుకుడు పడనిది అదే. అతని జేబులోంచి పెన్ను లాక్కుని కాపీ వెనకవైపు మళ్లీ వేసింది. ఈసారి నీళ్లు గడ్డకట్టాయి.

"ఇంతకీ కేసు వేద్దామా వద్దా?"

"వాళ్లు వేసిన సగం మార్కులే ఎక్కువ. నేను దిద్దితే అవీ వేసేదాన్ని కాదు."

అతను నిట్టూర్చి పిల్లని ఇంకో భుజం మీదకి మార్చుకున్నాడు. ఆమె లేచి చీర సర్దుకుని, వచ్చే పరీక్షకి ఫీజు కట్టే వరసలో నిలబడింది.